రాకెట్ కిలో ఎంత?

“రాకెట్ కిలో ఎంత తాతయ్యా?” అని అడిగింది బుజ్జి. వాళ్ళన్నయ్య చిన్నా పకపకా నవ్వాడు. రాకెట్లని కిలోల్లెక్కన ఎక్కడైనా అమ్ముతారా అని వాడి ఎగతాళి.

ఒరేయ్, నవ్వకు. దానిది తెలివైన ప్రశ్న. ఉపగ్రహాలకీ రాకెట్లకీ ముందుగా ఖర్చు లెక్కగట్టడమే ఉద్యోగంగా బతికేవాళ్ళు లోకంలో చాలామందే ఉన్నారు. వాళ్ళు కూడా మొట్టమొదట అడిగేది అదే, బరువెంత అని. ఎందుకంటే ఆ పూటకి ఉపగ్రహం ఇంకా కాగితం మీదే ఉంటుంది. అందులో ఏ కంప్యూటర్ పెడతారో, కెమెరా ఎవరు చేసిస్తారో తేలి ఉండదు. బరువు మాత్రం ఉజ్జాయింపుగా తెలుస్తుంది. మోసుకెళ్ళే రాకెట్ ఇంతకు మించి మొయ్యనని ముందే చెప్పేసి కూర్చుంటుంది కదా!

మన వెనక వీధిలో ఇల్లు కడుతున్నారు, చూస్తూనే ఉన్నారు. ఆయన కట్టాలనుకున్న రోజున ఏం చేశాడు? ముందు పక్కింటాయన్ని అడిగాడు, మీకు మొత్తం ఎంతయిందండీ అని. తరవాత మేస్త్రీని పిలిస్తే, చదరపు అడుగుకి ఇంత అవుతుందన్నాడు. ప్లాను చేతికొచ్చాక ఇంజనీరు కూర్చుని సిమెంటు ఎన్ని బస్తాలు, ఇనుము ఎన్ని టన్నులు, తలుపులెన్ని, కూలి ఎంత అని వరసగా రాసి కూడాడు. అంతరిక్షంలోనూ ఉన్నవి ఈ మూడు దారులే. పాత ఉపగ్రహంతో పోల్చి చెప్పడం ఒకటి, బరువునో కరెంటు వాడకాన్నో పట్టుకుని సూత్రం మీద లెక్కగట్టడం రెండోది, ఒక్కొక్క భాగం రాసుకుని అడుగు నుంచి పైకి కూడుకుంటూ రావడం మూడోది.

రెండో దారికి పునాది వేసింది అమెరికాలోని రాండ్ సంస్థ. 1950లలో వైమానిక దళం కోసం, ఇంకా పుట్టని విమానాల ఖరీదు ఎలా ఊహించాలని వాళ్ళు తల బద్దలు కొట్టుకున్నారు. పాత విమానాల బరువులు, వేగాలు, వాటికైన బిల్లులు పక్కపక్కన పెట్టి చూస్తే ఒక గీత కనబడింది. ఆ గీతనే తరవాత ఉపగ్రహాలకీ సాగదీశారు. యాంటెన్నాకి ఒక సూత్రం, బ్యాటరీలకి ఒకటి, ఇంజన్లకి ఇంకొకటి. నాసా ఇప్పటికీ ప్రతి ప్రాజెక్టు నడుస్తున్నప్పుడే మజిలీ మజిలీకీ దాని బరువులూ బిల్లులూ జాగ్రత్తగా రాసి దాచుకుంటుంది, రాబోయే వాటికి పనికొస్తాయని.

అయితే మేస్త్రీకున్న ధీమా వీళ్ళకుండదు. ఊళ్ళో కొన్ని వందల ఇళ్ళు కట్టి ఆయన ఆ రేటు చెప్తున్నాడు. గ్రహాల దాకా వెళ్ళిన నౌకలు ప్రపంచం మొత్తంమీద ఎన్ని? వాటిలో ఒకదానిలాంటిది ఇంకొకటి ఉండదు. పది చుక్కలు చల్లి వాటి మధ్యగా గీత గీస్తే, పదకొండో చుక్క ఆ గీత మీదే పడుతుందని ఎవరు హామీ ఇస్తారు?

ఇంకో తిరకాసు కూడా ఉంది. సూత్రం ప్రకారం బరువు తగ్గితే ఖర్చు తగ్గాలి. కానీ ఇంజనీరు దగ్గరకెళ్ళి, బాబూ ఇది అరకిలో తగ్గించు అని అడిగి చూడండి. మామూలు అల్యూమినియం ముక్క బదులు లోపలంతా తొలిచి పల్చగా చెక్కిన ముక్క కావాలి. అది రాకెట్ కుదుపుకి తట్టుకుంటుందో లేదో మళ్ళీ వైబ్రేషన్ టేబుల్ మీద పరీక్షించాలి. ఎక్కడో సన్నని బీట కనిపిస్తే మళ్ళీ మొదటికి. అరకిలో తగ్గేసరికి నెలల జీతాలు కరిగిపోతాయి. అందుకే అనుభవమున్నవాళ్ళు రాకెట్‌లో కాస్త ఖాళీ మిగిలితే సంబరపడతారు. బరువైనా ఫర్వాలేదు, మొరటుగా గట్టిగా చేసెయ్యండి అంటారు. సూత్రం మాత్రం ఆ మొరటు ఉపగ్రహానికే ఎక్కువ ఖరీదు చూపిస్తుంది. సూత్రాన్ని నమ్ముకున్నవాడు ఇక్కడే బోల్తా పడతాడు.

“అయితే డబ్బంతా దేనికవుతుంది తాతయ్యా? లోహానికి కాదా?” అంది బుజ్జి.

లోహానికి ఎంతవుతుందమ్మా! ఒక ఉపగ్రహంలో ఉన్న అల్యూమినియం, రాగి, ఆఖరికి దానికి చుట్టిన బంగారు రంగు రేకులతో సహా తూకం వేసి కొంటే, మొత్తం బిల్లులో ఒక మూలకి రాదు. డబ్బు వెళ్ళేది మనుషుల రోజులకి. గీసేవాళ్ళు, లెక్కలు చూసేవాళ్ళు, తెల్ల గౌన్లు తొడుక్కుని దుమ్ము లేని గదిలో మరలు బిగించేవాళ్ళు, బిగించింది సరిగ్గా ఉందో లేదో చూసేవాళ్ళు, చూసినట్టు సంతకం పెట్టేవాళ్ళు. పైకి వెళ్ళాక స్క్రూడ్రైవర్ పట్టుకుని వెనకాలే వెళ్ళే వీలు లేదు కనక పరీక్షలకే సగం జీవితం సరిపోతుంది. ఒక చిన్న పంపు రావడం ఆరు నెలలు ఆలస్యమైందనుకో, ఆ పంపు ఖరీదు పెద్దది కాకపోవచ్చు. కానీ దానికోసం ఎదురుచూస్తున్న ఐదొందలమందిని ఇంటికి పంపించేసి, పంపు రాగానే మళ్ళీ రండని పిలవలేవు. వాళ్ళకి తెలిసిన పని ఇంకెవరికీ తెలియదు. ఆరు నెలలూ జీతాలిచ్చి కూర్చోబెట్టాల్సిందే. అంచనా వేసేవాడు లోహం లెక్కలో తప్పు చెయ్యడు, కేలండర్ లెక్కలో చేస్తాడు.

ఒకేలాంటివి చాలా చేస్తే చవకవుతాయి కదా అని నీకు అనుమానం రావచ్చు. నిజమే. టి.పి. రైట్ అనే అమెరికా ఇంజనీరు 1936లో ఈ సంగతి లెక్కగట్టి ప్రచురించాడు. విమానాల ఫ్యాక్టరీలో చేసిన విమానాల సంఖ్య రెట్టింపైనప్పుడల్లా ఒక్కోదానికి పట్టే పని దాదాపు 80 శాతానికి దిగుతోందన్నాడు. చేతులకి అలవాటు పడుతుంది, పనిముట్లు కుదురుకుంటాయి. వేలల్లో తయారయ్యే స్టార్‌లింక్ ఉపగ్రహాలకి ఆ సూత్రం చక్కగా పనిచేస్తుంది. చంద్రుడి మీదకి పంపే నౌక ఒక్కటే చేస్తాం. చేతులు అలవాటు పడేలోగా పనే అయిపోతుంది.

ఇప్పుడు అసలు కథ, స్పేస్ షటిల్ కథ. దీన్ని మాత్రం తీరిగ్గా చెప్పాలి. ఖర్చు అంచనాల చరిత్రలో ఇంత పెద్ద పాఠం ఇంకోటి లేదని నా ఉద్దేశం.

1970లలో అమెరికాకి చంద్రుడి మోజు తీరిపోయింది, ఖజానా చూస్తే బరువు తగ్గింది. వెళ్ళి తిరిగొచ్చే వాహనం చేస్తే ప్రతిసారీ కొత్త రాకెట్ పారెయ్యక్కర్లేదు, ఎంతో ఆదా అని నాసా అంది. నిజంగా ఆదానా అని తేల్చమని మాథమాటికా అనే సంస్థకి అప్పగించారు. అక్కడ ఆ పని నడిపించినవాళ్ళు క్లాస్ హైస్, ఆస్కర్ మోర్గెన్‌స్టెర్న్. ఈ మోర్గెన్‌స్టెర్న్ సామాన్యుడు కాడు. వాన్ నాయ్‌మన్‌తో కలిసి ఆటల సిద్ధాంతాన్ని పుస్తకంగా రాసిన ఆర్థికవేత్త. వాళ్ళ లెక్కలో కూడికలు, తీసివేతలు అన్నీ సరిగ్గానే ఉన్నాయి. ఒక్కోసారి ఎగరడానికి 1971 నాటి డాలర్లలో సుమారు కోటి డాలర్లు అని తేలింది. 1972 జనవరి 5న ప్రెసిడెంట్ నిక్సన్ సరేనన్నాడు.

ఆ కోటి డాలర్లు ఎలా వచ్చాయో చూడండి. డజను ఏళ్ళలో ఐదొందలకు పైగా ప్రయాణాలు జరుగుతాయని అనుకున్నారు. అంటే దాదాపు వారానికొకటి. షటిల్ ఎగిరినా ఎగరకపోయినా ప్రయోగ వేదిక కాపలా, ఇంజనీర్ల జీతాలు, హ్యూస్టన్‌లో కంట్రోల్ గది, ఇవన్నీ ఏడాది పొడుగునా నడుస్తూనే ఉంటాయి. ఆ స్థిరమైన ఖర్చుని ఏడాదికి యాభైతో భాగిస్తే వచ్చేది ఒకటి, ఐదుతో భాగిస్తే వచ్చేది దానికి పదింతలు. షటిల్ మొదటిసారి 1981 ఏప్రిల్‌లో ఎగిరింది. అది అత్యధికంగా ఎగిరిన ఏడాది 1985. ఎన్నిసార్లు? తొమ్మిది. మరుసటి జనవరిలో చాలెంజర్ అనే షటిల్ పేలిపోయింది. 2003లో మన కల్పనా చావ్లా ఉన్న కొలంబియా షటిల్ పోయింది. 2011లో మూలన పెట్టేనాటికి ముప్పై ఏళ్ళలో మొత్తం 135 ప్రయాణాలు. చివర్లో అన్నీ కలిపి భాగిస్తే ఒక్కో ప్రయాణానికి 2010 నాటి డాలర్లలో సుమారు 150 కోట్లు తేలింది. మొదట చెప్పిన కోటి డాలర్లని ధరల పెరుగుదల కలిపి 2010 డాలర్లలోకి మార్చినా ఆరు కోట్లు దాటవు.

చిత్రమేమిటంటే, షటిల్ని తయారు చెయ్యడానికి అవుతుందన్న ఖర్చు అంత ఘోరంగా తప్పలేదు. 515 కోట్ల డాలర్లన్నారు, ధరల పెరుగుదల తీసేసి చూస్తే దానికి కొంచెం పైన తేలింది. ఇంజనీర్లు తమ పని గురించి చెప్పిన అంకె నిలబడింది. ఎన్నిసార్లు ఎగురుతుందన్న అంకె కూలింది. అది ఇంజనీరింగ్ నుంచి వచ్చిన అంకె కాదురా చిన్నా, ప్రాజెక్టు మంజూరు కావాలన్న ఆశలోంచి వచ్చింది. తక్కువసార్లు ఎగురుతుందంటే ఆదా కనబడదు. ఆదా కనబడకపోతే ఫైలు కదలదు. కనక ఎక్కువసార్లు ఎగరాలి. ఎగురుతుందనే రాశారు.

నువ్వు ఏదైనా అంచనా చూసినప్పుడు కింద ఉన్న మొత్తాన్ని ఆఖర్న చూడు. ముందు, దేనితో భాగించారో చూడు.

“మరి ఎవరూ ఆశపడకుండా నిజాయితీగా లెక్కేస్తే సరిపోతుందిగా?” అన్నాడు చిన్నా.

అదీ చాలదురా. పలక తీసుకో, ఒక లెక్క ఇస్తాను. ఉపగ్రహంలో పది భాగాలున్నాయి. ఒక్కో భాగం చేసేవాణ్ణి పిలిచి, నీకెంతవుతుందయ్యా అని అడిగావు. పది లక్షలవుతుందన్నాడు. అబద్ధం కాదు, చాలాసార్లు అంతే అవుతుంది. అంతా కలిసొస్తే ఎంతకి తగ్గుతుందని అడిగావు. తొమ్మిది లక్షలకి. ఎదురు తిరిగితే? ఇరవై. అందరూ అదే చెప్పారు. పది భాగాలు, భాగానికి పది, మొత్తం కోటి రూపాయలని రాసుకున్నావు. తప్పు.

ఎందుకో చూడు. తగ్గితే లక్షే తగ్గుతుంది, పెరిగితే పది లక్షలు పెరుగుతుంది. ఖర్చుకి కింద నేల ఉంది, పైన కప్పు లేదు. తొమ్మిది, పది, ఇరవై కూడి మూడుతో భాగిస్తే సగటు పదమూడు. పది భాగాలకి నూటముప్పై లక్షలు. ఏ ఒక్కడూ అబద్ధమాడలేదు, ఏ ఒక్కడూ లెక్క తప్పలేదు, అయినా నీ మొత్తం ముప్పై లక్షలు తక్కువొచ్చింది. అందరూ చెప్పిన మామూలు ధరలని కూడితే మామూలు మొత్తం రాదు. పది భాగాల్లో ఏదో రెండు మూడు ఎదురు తిరుగుతాయి. ఏవో ముందు తెలియదు, తిరుగుతాయని మాత్రం తెలుసు.

అందుకని ఇప్పుడు ఒకే అంకె చెప్పరు. కంప్యూటర్‌లో అదే ప్రాజెక్టుని కొన్ని వేలసార్లు కల్పించి నడిపిస్తారు. ఒకసారి పంపు ఆలస్యమవుతుంది, ఇంకోసారి కెమెరా పగులుతుంది, ఎప్పుడో ఒకసారి అన్నీ సవ్యంగా జరుగుతాయి. అన్నిటి ఖర్చులూ తేదీలూ చుక్కలుగా పెడితే, ఇంత డబ్బు, ఇంత గడువు ఇస్తే వందలో ఎన్నిసార్లు పని పూర్తవుతుందో తెలుస్తుంది. నాసా 2009 నుంచి పెద్ద ప్రాజెక్టులకి వందలో 70 సార్లు సరిపోయే మొత్తాన్ని బడ్జెట్‌గా పట్టుకోవాలని నియమం పెట్టుకుంది. డబ్బుకీ గడువుకీ కలిపి. వందకి వంద ఎందుకు పెట్టుకోరంటే, అంత దాచిపెడితే మిగతా ప్రాజెక్టులకి పైసా మిగలదు. పైగా డబ్బు ఉందని తెలిస్తే అది ఖర్చవడానికి తనే దారి వెతుక్కుంటుంది.

ఇలాంటి నియమం కావాలని ముందే చెప్పిన ఒక పెద్దాయన ఉన్నాడు. టామ్ యంగ్. అంగారకుడి మీద దిగిన వైకింగ్ నౌకలకి మిషన్ డైరెక్టర్‌గా చేసినవాడు. అమెరికా సైన్యం ఉపగ్రహాల ఖర్చులు చేతులు దాటిపోతుంటే ఆయన అధ్యక్షతన వేసిన సంఘం 2003లో నివేదిక ఇచ్చింది. క్షిపణుల మంటని పైనుంచి పసిగట్టే ఉపగ్రహాలు, ఎస్‌బీఐఆర్‌ఎస్ అంటారు, 1996లో 400 కోట్ల డాలర్ల చుట్టూ అవుతాయనుకున్నవి వెయ్యి కోట్లు దాటాయి. వాటిలో ఎత్తైన కక్ష్యకి వెళ్ళాల్సిన మొదటి ఉపగ్రహం 2002లో ఎగరాల్సింది, 2011లో ఎగిరింది. యంగ్ సంఘం చెప్పింది సూటిగా ఉంది. కంపెనీలు కాంట్రాక్టు గెలవాలని తక్కువ రాస్తున్నాయి, ప్రభుత్వం ఆ గెలిచిన కొటేషన్‌నే బడ్జెట్‌గా రాసుకుంటోంది. వందలో 80 సార్లు సరిపోయేంత పెట్టుకోండి అన్నారు.

ఇక జేమ్స్ వెబ్. మీరు టెలిస్కోప్ అనుకుంటున్నారు, నేను ముందు మనిషి సంగతి చెప్తున్నాను. 1961లో కెన్నడీ చంద్రుడి మీదకి మనుషుల్ని పంపుదామన్నప్పుడు నాసా అధిపతి ఈయన. ఇంజనీరు కాడు, లాయరు. ట్రూమన్ కాలంలో దేశం మొత్తానికి బడ్జెట్ డైరెక్టర్‌గా చేశాడు, కనక కాగితం మీది అంకెలు ఎలా ఉబ్బుతాయో ఆయనకి కొట్టిన పిండి. ఇంజనీర్లు వెయ్యీ పన్నెండొందల కోట్ల డాలర్లని తెస్తే, ఆయన అమెరికా కాంగ్రెస్‌లో రెండువేల కోట్లని చెప్పొచ్చాడని చెప్పుకుంటారు. ఆ ఇంజనీర్లు నోళ్ళు వెళ్ళబెట్టారట. ఆ చంద్రుడి ప్రాజెక్టు, అపోలో, ముగిశాక నాసా చూపించిన మొత్తం సుమారు 2,500 కోట్లు. అంత కొత్త పనికి అంత దగ్గరి అంచనా చెప్పడం మామూలు విషయం కాదు. తనకి తెలియనిది ఎంత ఉందో తెలిసి, దానికి కూడా డబ్బడిగాడు.

అలాంటాయన పేరు పెట్టిన టెలిస్కోప్ ఏం చేసిందో చూడండి. 1990ల చివర్లో, ఇంకా ఆ పేరు పెట్టకముందు, 50 కోట్ల డాలర్లవుతుందన్నారు, 2007లో ఎగురుతుందన్నారు. అప్పట్లో నాసాకి ‘త్వరగా, బాగా, చవగ్గా’ అనే పూనకం పట్టి ఉంది. చెయ్యాల్సిన పనేమో ఆరున్నర మీటర్ల అద్దాన్ని పద్దెనిమిది బెరిలియం పలకలుగా చేసి, మడిచి రాకెట్‌లో పెట్టి, 15 లక్షల కిలోమీటర్ల అవతలికి వెళ్ళే దారిలో విప్పడం. టెన్నిస్ కోర్టంత ఎండగొడుగు ఐదు పొరల్లో పరవడం. అంతకుముందు ఎవరూ చెయ్యనివి ఇన్ని ఒకచోట పెట్టుకుని, పాత టెలిస్కోప్ బిల్లులు చూసి సూత్రం వేస్తే ఏం తెలుస్తుంది? 2002లో 250 కోట్లన్నారు, 2005లో 300, 2008లో 500 దాటింది. ప్రతిసారీ గడువు కూడా వెనక్కి జరిగింది.

2010లో సెనేటర్ బార్బరా మికల్‌స్కీ అడిగితే, జాన్ కసానీ అనే పెద్ద ఇంజనీరు అధ్యక్షతన సంఘం వేశారు. సాంకేతికంగా పని బ్రహ్మాండంగా ఉందని వాళ్ళు మెచ్చుకున్నారు. లోపం ఎక్కడుందంటే, మంజూరు చేసిన బడ్జెట్‌లో ఏ ఏడాదికా ఏడాది అనుకోనివాటికని విడిగా తీసి పెట్టిన డబ్బు చాలలేదు. అది చాలక ఏ ఏడాది చిక్కులని ఆ ఏడాది విప్పకుండా వచ్చే ఏడాదికి తోశారు. ఈ ఏడు రూపాయితో పోయే పని వచ్చే ఏడు రెండు మూడు రూపాయలైంది. 2011లో అమెరికా దిగువ సభ కమిటీ ఈ టెలిస్కోపే వద్దు, రద్దు చెయ్యండి అనేదాకా వచ్చింది. నాసా తయారీకి 800 కోట్లు హద్దు, 2018లో ప్రయోగం అని కొత్తగా రాసిచ్చి బయటపడింది.

2018 రానే వచ్చింది. పరీక్షలో గొడుగు మీద కప్పిన కవరుకి బిగించిన మరలు ఊడి రాలాయి. ఇంజన్ వాల్వులని తుడవాల్సిన ద్రవంతో కాక ఇంకో ద్రవంతో తుడిచారు, అవి చెడ్డాయి. మళ్ళీ సమీక్షకి పిలిచింది ఎవరిననుకున్నారు? ఆ టామ్ యంగ్‌నే. ఈసారి హద్దు 880 కోట్లకి జరిగింది. ఆఖరికి 2021 డిసెంబరు 25న, యూరప్ వాళ్ళ ఏరియన్ రాకెట్ మీద ఎగిరింది. ఎగిరాక నడిపే ఖర్చుతో కలిపి నాసా వాటా సుమారు 970 కోట్ల డాలర్లు. యాభై ఎక్కడ, తొమ్మిదొందల డెబ్భై ఎక్కడ! పని మాత్రం అనుకున్నదానికంటే గొప్పగా చేస్తోంది. మొదట్లోనే వెయ్యి కోట్లవుతుందని నిజం చెప్పి ఉంటే అది మంజూరయ్యేదా? అయ్యేది కాదనే నాకనిపిస్తుంది. అలాగని అబద్ధం చెప్పడం మంచిదంటావా తాతయ్యా అని బుజ్జి నిలదీసింది. అననమ్మా. ఆ టెలిస్కోప్ మింగిన డబ్బులో కొన్ని చిన్న చిన్న నౌకలున్నాయి. అవి పుట్టలేదు కనక వాటి కోసం ఎవరూ ఏడవలేదు.

కాంట్రాక్టుల సంగతి రెండు ముక్కల్లో చెప్పేస్తాను. ఇల్లు కట్టించేవాడు మేస్త్రీతో రెండు రకాలుగా మాట్లాడుకోవచ్చు. సామాను ఎంతయితే అంత నేనిస్తాను, పైన నీ కూలి ఇంత అనొచ్చు. లేదా తాళంచెవి చేతికిచ్చేదాకా మొత్తం ఇంతే అనొచ్చు. నాసా దశాబ్దాలపాటు మొదటి రకం నమ్ముకుంది. ఎవరూ చెయ్యని పనికి అదే న్యాయం, కాదనను. కాని ఆ పద్ధతిలో మేస్త్రీకి తొందరేముంటుంది? స్పేస్‌ఎక్స్ ఫాల్కన్ 9 రాకెట్‌కి నాసా రెండో రకం ఒప్పందం చేసుకుంది, ఒక్కో మజిలీ దాటితే ఇంత అని. 2010లో అది ఎగిరాక నాసా వాళ్ళే కుతూహలం కొద్దీ, ఈ రాకెట్ మనమే మన పద్ధతిలో చేస్తే ఎంతయ్యేదని సూత్రాల్లో వేసి చూశారు. దాదాపు 400 కోట్ల డాలర్లని వచ్చింది. కాస్త వ్యాపారపు పద్ధతిలో అనుకుని వేస్తే 170 కోట్లు. ఆ కంపెనీకి నిజంగా అయింది 30 కోట్లు. నాసా లెక్కలు తిరగేసి చూసి నిజమేనని ఒప్పుకుంది. సూత్రంలో ఉన్న బిల్లులన్నీ నాసా పాత అలవాట్ల బిల్లులు మరి. రాకెట్ ధర అడిగితే ఆ అలవాట్ల ధర కూడా కలిపి చెప్పింది.

రెండో రకం ఒప్పందం మంత్రమేమీ కాదులెండి. 2014లో వ్యోమగాముల్ని తీసుకెళ్ళడానికి అదే రకంలో స్పేస్‌ఎక్స్‌కి 260 కోట్లకి, బోయింగ్‌కి 420 కోట్లకి ఇచ్చారు. ఎక్కువ తీసుకున్న బోయింగే సుమారు 200 కోట్ల డాలర్లు చేతి చమురు వదిలించుకుంది. సునీతా విలియమ్స్ వాళ్ళ నౌకలో 2024 జూన్‌లో వెళ్ళి, 2025 మార్చిలో స్పేస్‌ఎక్స్ నౌకలో తిరిగొచ్చింది కదా.

“మనవాళ్ళైతే ఒక సినిమా తీసే ఖర్చు కంటే చవగ్గా అంగారకుడి దగ్గరకెళ్ళారు!” అని చిన్నా కాలరెగరేశాడు.

ఎగరెయ్యి, తప్పులేదు. 2013 నవంబరు 5న శ్రీహరికోట నుంచి బయల్దేరిన మంగళయాన్‌కి 450 కోట్ల రూపాయలు. అదే నెలలో అమెరికా అంగారకుడికే పంపిన మావెన్‌కి సుమారు 67 కోట్ల డాలర్లు, అంటే తొమ్మిదింతలు. కాని ఆ సినిమా పోలిక నాకు నచ్చదు. ఎందుకు చవకైందో చూస్తేనే మనవాళ్ళ తెలివి తెలుస్తుంది. మంగళయాన్ మోసింది 15 కిలోల పరికరాలు, మావెన్ దానికి నాలుగింతలు మోసింది. పీఎస్ఎల్వీ అప్పటికే ఇరవై ఏళ్ళుగా ఎగురుతున్న రాకెట్, కొత్తగా కనిపెట్టాల్సింది లేదు. నౌకలో చాలా భాగం చంద్రయాన్-1 నుంచి వచ్చిందే. పరీక్షకో నమూనా, ఎగరడానికో నమూనా అని రెండు మూడు చెయ్యకుండా ఒక్కటే చేశారు. మన ఇంజనీరు జీతం వాళ్ళ ఇంజనీరు జీతంలో చిన్న ముక్క, ఖర్చంతా మనుషుల రోజులదేనని ఇందాకే చెప్పానుగా. అన్నిటికంటే, 2012 ఆగస్టులో మంజూరైతే పదిహేను నెలల్లో ఎగిరింది. కేలండర్ని సాగనివ్వలేదు.

అంకె చుట్టూ గీసిన గీత ఎక్కడుందో కూడా చూడాలి. చంద్రయాన్-2కి 978 కోట్ల రూపాయలన్నారు, చంద్రయాన్-3కి సుమారు 615 కోట్లు. మూడోది చవకని సంబరపడిపోకు. రెండో దానిలో చంద్రుడి చుట్టూ తిరిగే ఆర్బిటర్ ఉంది. అది ఇంకా అక్కడే తిరుగుతుంటే మూడోసారి కొత్తది చెయ్యలేదు, పాతదాని చేతే కబుర్లు అందించుకున్నారు. రెండోదానికైన ఖర్చులో కొంత మూడోది అనుభవించింది, పద్దుల్లో మాత్రం అది కనబడదు.

గగన్‌యాన్‌కి కూడా పేపర్లో ఖర్చు రెట్టింపైందని చదివారు. 2018లో 10,000 కోట్ల లోపన్నారు, 2022కల్లా మనిషిని పంపుదామనుకున్నారు. 2024 సెప్టెంబరులో కేంద్రం దాన్ని 20,193 కోట్లకి పెంచింది. అందులో ఆలస్యం ఉంది, కాదనలేం. కాని పనే మారింది. ఇంకా కొన్ని ప్రయోగాలు, మన సొంత అంతరిక్ష స్టేషన్‌లో మొదటి గది, ఇవన్నీ ఆ మొత్తంలోకే వచ్చి చేరాయి. రెండు గదుల ఇంటికి చెప్పిన రేటుతో మేడ కట్టమంటే ఎలా?

“మరి స్టేషన్ మొత్తానికి ఎంతవుతుంది తాతయ్యా?” అంది బుజ్జి.

మొత్తం ఐదు గదులట. మొదటిది 2028లో పంపాలని, అన్నీ కలిపి 2035కి నిలబెట్టాలని అనుకుంటున్నారు. ఎవరైనా ఇప్పుడే నీకు ఒక అంకె చెప్పారనుకో, మూడు ప్రశ్నలు వెయ్యి. ఏ ఏడాది రూపాయల్లో చెప్తున్నారు? అక్కడికి మనుషులు ఏడాదికి ఎన్నిసార్లు వెళ్తారని అనుకున్నారు? వందలో ఎన్నిసార్లు ఆ డబ్బు సరిపోతుంది? మూడింటికీ జవాబు చెప్పినవాడి అంకె రాసుకో. 2035లో నువ్వు ఉద్యోగంలో ఉంటావు, సరిచూసుకోవచ్చు.